పావులోంచి నాలుగు బెత్తెలు

పదుమ గుడ్డ తప్పు కోసింది. కోశాక తెలిసింది.

తెలిసేసరికి ఎండ నడినెత్తికొచ్చింది. రాళ్ళ పొయ్యి మీద రంగు కాగుతోంది. పొద్దు వాలేలోగా భిక్షుణి కప్పుకునే చీవరం కుట్టి, రంగులో ముంచి, ఆరబెట్టి సంఘం ముందు పెట్టాలి. ఐదు బెత్తెల గుడ్డ తక్కువ పడింది.

ఐదు బెత్తెలంటే ఎంత, నాలుగు వేళ్ళు ఐదుసార్లు ఆనిస్తే అయిపోతుంది. మామూలు రోజైతే ఎవరూ పట్టించుకోరు. అది మామూలు రోజు కాదు.

కృష్ణ ఒడ్డున కొండ మీద ఉన్న ఆ విహారంలో పదకొండుమంది భిక్షుణులు. వానాకాలం మూడు నెలలూ ఎక్కడికీ కదలరు. వానలు వెనకబట్టాక ఊళ్ళోవాళ్ళు గుడ్డ తెచ్చి ఇస్తారు. ఏడాదికి ఒక్కసారే. ఆ గుడ్డతో ఒక్క చీవరం కుడతారు. ఎవరిది బాగా చిరిగిపోయిందో వాళ్ళకి అది. కానీ ఇచ్చిన రోజునే పని పూర్తి కావాలి, మర్నాటికి మిగిలితే చెల్లదు. అయిదు ఖండాలుగా కోసి కుట్టాలి, నిండు గుడ్డ అలాగే కప్పితే చెల్లదు. చాలకపోతే దాతని మళ్ళీ అడగకూడదు, అడిగి తెచ్చిన గుడ్డ అసలే చెల్లదు.

ఆ ఏడు చీవరం సామకి. డెబ్బై దాటిన మనిషి. కిందటి చలికాలమంతా దగ్గుతూనే ఉంది. ఈ చలికాలం కూడా ఆ పాత చీవరంతోనే గడపాల్సొస్తే గడుపుతుందని ఎవరికీ నమ్మకం లేదు. సామ మాత్రం తేలిగ్గా తీసుకుంది.

"దీంట్లో గుడ్డ కన్నా కన్నాలే ఎక్కువ" అనేది. "కన్నాలకి బరువుండదు. నా వయసుకి అదే నయం."

పదుమ వచ్చి మూడేళ్ళయింది. రాజుగారి మనుషుల కోసం తాడు పట్టి పొలాలు కొలిచేవాడి కూతురు. లెక్కలు నోటితో చేసేది. మిగతావాళ్ళు వేళ్ళు మడిచి లెక్కపెడుతుంటే, వాళ్ళ మూడో వేలు మడతపడేలోగా జవాబు చెప్పేసేది. చెప్పి ఊరుకుంటే బాగుండేది. కొంచెం నవ్వేది కూడా.

ఆ పొద్దున గుడ్డ రాగానే గురువు రోహ దగ్గరికెళ్ళి, "అమ్మా, ఈసారి కత్తి నాకివ్వండి" అని అడిగింది. రోహ ఇచ్చింది.

అక్కడ ఎవరి చీవరానికి వాళ్ళ మూరే కొలత. పదుమ సామ మోచేతి నుంచి వేలి కొస దాకా ఒక వెదురు బద్ద కొలిచి కోసుకుంది. బద్దకి ఒక వైపు అర మూర, పావు మూర గీతలు పెట్టింది. రెండో వైపు ఆరు బెత్తెలు గీసింది. అన్నీ ఒకే వైపు గీస్తే గీతలు కలిసిపోతాయని ఆ ఏర్పాటు.

తర్వాత చుట్టూ చేరినవాళ్ళని పంపేసింది.

"మీరు పక్కన మాట్లాడుతుంటే నా లెక్క చెదురుతుంది" అంది.

"చెదిరిపోవడానికి అదేమన్నా పిచ్చుకల గుంపా?" అని రంగు పని చూసే తిస్స గొణిగి వెళ్ళిపోయింది. తిస్స పదుమ కన్నా ఆరేళ్ళు పెద్ద. నోరు ఇంకా పెద్దది.

వచ్చిన గుడ్డలు రెండు. పెద్దదాంట్లోంచి నాలుగు ఖండాలు ఏ ఇబ్బందీ లేకుండా వచ్చాయి. వాటిని కుట్టడానికి పట్టుకెళ్ళారు. చిన్న గుడ్డ ఐదుంబావు మూరలు. దాంట్లోంచి అయిదో ఖండం రావాలి, రెండు మూరల నాలుగు బెత్తెలు. మిగిలినదాన్ని అంచు పట్టీలుగా చింపాలి. అంచుకి రెండున్నర మూరలు కావాలి.

పదుమ గుడ్డ పరవలేదు. నిలబడే లెక్క చేసింది. ఐదులోంచి రెండు పోతే మూడు. పావులోంచి నాలుగు బెత్తెలు పోవు. నాలుగు బెత్తెల్లోంచి పావు పోతుంది. పావంటే బెత్తెన్నర. నాలుగులోంచి బెత్తెన్నర పోతే రెండున్నర. వెరసి మూడు మూరల రెండున్నర బెత్తెలు. అంచుకి పోను ఐదున్నర బెత్తెలు మిగులు.

మిగులు అనగానే ఆమెకి తిస్స గుర్తొచ్చింది. రంగు వడకట్టే గుడ్డ పీలికలైపోయిందని పొద్దుటి నుంచి తిస్స వినిపిస్తూనే ఉంది. పదుమ ముందు ఆ మిగులే కోసింది. అడ్డంగా, ఐదున్నర బెత్తెలు, నీటుగా. తీసుకెళ్ళి తిస్స చేతిలో పెట్టింది.

తిస్స ఆశ్చర్యపోయింది. "ఇంత మిగిలిందా?"

"లెక్క వస్తే మిగులుతుంది" అంది పదుమ.

తిరిగొచ్చి అయిదో ఖండం కోసింది. మిగిలినదాని మీద బద్ద పెట్టింది. మూర. ఇంకో నాలుగు బెత్తెలు. అంతే.

రెండోసారి కొలిచింది. మూడోసారి గుడ్డని సాగదీసి కొలిచింది. మూర మీద నాలుగు బెత్తెలే. మొదట దాతని అనుమానించింది, తర్వాత నేతగాణ్ణి, తర్వాత బద్దని. బద్ద పట్టుకుని సామ దగ్గరికెళ్ళింది.

"అవ్వా, చెయ్యి ఒకసారి ఇటివ్వండి."

"పొద్దున ఇచ్చాను కదే."

"ఇంకోసారి చూడాలి."

"ఇంతలోకే పెరిగిందనుకున్నావా? ఈ వయసులో తరగడమే గానీ పెరగడం లేదమ్మాయ్." చెయ్యి చాచింది. బద్ద సరిగ్గానే ఉంది. సామ పదుమ మొహం చూసింది, నవ్వు ఆపేసింది. "గుడ్డ చాలలేదా?"

సామ తన భుజం మీది పాత చీవరాన్ని కొంచెం దగ్గరికి లాక్కుంది. అలవాటుగా చేసిన పనే అది. పదుమకి అది చూడటం కష్టమైంది.

రోహ వసారాలో కూర్చుని నాలుగో ఖండానికి మూడో ఖండం కలుపుతోంది. పదుమ వచ్చి నిలబడింది. సామ కూడా వెనకాలే వచ్చింది. తనకి సంబంధించిన విషయమని ఆమెకి అర్థమైంది.

"గుడ్డ చాలలేదమ్మా."

"ఎంత?"

"ఐదు బెత్తెలు."

రోహ సూది ఆపలేదు. "లెక్క చెప్పు."

పదుమ మొదటి నుంచి చివరి దాకా చెప్పింది. తిస్సకి ఇచ్చిన మిగులు సంగతి కూడా చెప్పింది. చెప్పి, "లెక్క మూడుసార్లు చేశానమ్మా. తప్పు లేదు. గుడ్డే తక్కువ వచ్చి ఉంటుంది" అంది.

"పొద్దున నువ్వు కొలిచే తీసుకున్నావు."

"అవును. ఐదుంబావు."

"అయితే గుడ్డ జోలికి పోకు."

రోహ కుట్టుపని పక్కన పెట్టింది. దారం ఉండ తీసుకుంది. పదుమ చేతిలోని వెదురు బద్ద తీసుకుని, దాని వెంబడి దారాన్ని ఈ కొస నుంచి ఆ కొసకి, ఆ కొస నుంచి ఈ కొసకి మడిచింది. ఐదు మడతలు. ఐదు మూరలు. ఆపైన పావు మూర తోక వేలాడుతుంటే పళ్ళతో తెంపింది.

దాన్ని బద్దతో సహా పదుమ చేతిలో పెట్టింది. "నువ్వు ఇల్లాలివి. ఇది నీ ఇంట్లో ఉన్న బియ్యం." సామ వైపు తిరిగింది. "మీరు భిక్షకి వచ్చారు. రెండు మూరల నాలుగు బెత్తెలు అడగండి."

సామకి ఇలాంటివంటే ఇష్టం. వెంటనే చెయ్యి చాచి నడుం వంచింది. "ఏమ్మా ఇల్లాలా, దూరం నించి వస్తున్నాను. రెండు మూరల నాలుగు బెత్తెలు పెట్టు తల్లీ. పుణ్యముంటుంది."

పదుమ సిగ్గుపడుతూనే రెండు మడతలు విప్పి సామ చేతిలో వేసింది.

"నాలుగు బెత్తెలు?" అంది సామ.

పదుమ తోక వైపు చూసింది. బెత్తెన్నర ఉంది. ఆగిపోయింది.

"ఇంట్లో అంత లేదు" అంది.

"లేకపోతే ఏం చేశావు పొద్దున?" అంది రోహ.

పదుమ జవాబు చెప్పేలోగా రోహ వంగి, సామ గుప్పిట్లోంచి వేలాడుతున్న దారాన్ని పట్టుకుని బెత్తెన్నర మేర వెనక్కి లాగింది.

సామ గుప్పిట బిగించింది. "ఓసి మీ భిక్ష మండా! అడుక్కునేదాని చేతిలోంచి లాక్కుంటారేమిటే!"

వసారాలో కుడుతున్నవాళ్ళంతా తలెత్తి నవ్వారు. పదుమ నవ్వలేదు. దారం వైపే చూస్తోంది. నాలుగు బెత్తెల్లోంచి పావు పోతుంది. ఆ మాట పొద్దుటి నుంచి నాలుగుసార్లు అనుకుంది. ఇచ్చేచోట లేదని పుచ్చుకునేవాళ్ళ దగ్గర లాక్కున్నానని ఒక్కసారీ తోచలేదు.

"లేకపోతే మరి ఎక్కణ్ణించి పెడతావు?" అంది సామ, ఇంకా చెయ్యి చాచే ఉంచి. "నేను వెళ్ళిపోవాలా, ఉండాలా?"

పదుమ చేతిలో బద్ద మీద మూడు మడతలు మిగిలాయి.

"ఇవి మూడు ఉన్నాయి" అంది నెమ్మదిగా. "కానీ ఇవి నేను పక్కన పెట్టేశానమ్మా. ఐదులోంచి రెండు పోతే మూడని."

"ఎవరు పెట్టమన్నారు?" అంది రోహ.

పదుమ బొటనవేలితో ఒక మడతని బద్ద మీంచి జార్చింది. మూర దారం కిందికి జారి తోకతో కలిసి వేలాడింది. ఆమె బద్దని రెండో వైపుకి తిప్పింది. ఒక్కో బెత్తె కొలిచింది, పైకి వినపడేలా. మూర ఆరు, తోక ఒకటిన్నర. ఏడున్నర. దాంట్లోంచి నాలుగు బెత్తెలు సామ చేతిలో వేసింది.

"కడుపు నిండిందమ్మా" అని సామ కూర్చుంది.

పదుమ చేతిలో రెండు మడతలు, మూడున్నర బెత్తెల తోక మిగిలాయి. రెండు మూరల మూడున్నర బెత్తెలు. అంచుకి కావలసింది రెండున్నర మూరలు, అంటే రెండు మూరల మూడు బెత్తెలు. ఆ గుడ్డలో అసలు మిగులు అర బెత్తె. రెండు వేళ్ళు.

ఐదున్నర బెత్తెలు తిస్స దగ్గరుంది.

పదుమ రోహ వైపు తిరిగింది.

"గుడ్డ తక్కువ రాలేదమ్మా. ఆ ముక్క వెనక్కొస్తే చాలుతుంది. ఒక్క అతుకు పడుతుంది, అతుక్కి అర బెత్తె పోతుంది. సరిగ్గా చాలుతుంది."

"ఆ ముక్క ఎవరిచ్చిన గుడ్డ?"

"ఇవాళ వచ్చినదే."

"అయితే చెల్లుతుంది" అని రోహ సూది అందుకుంది.

సామ వెనక నుంచి కేకేసింది. "ఇప్పుడు మాత్రం పుచ్చుకున్నదాని దగ్గరే లాక్కోవాలి! జాగ్రత్త, తిస్స కరుస్తుంది!"

తిస్స పొయ్యి దగ్గర చెమటలు కక్కుతోంది. కొత్త గుడ్డని కుండ మూతికి కట్టి పనస చెక్కల కషాయం వంచుతోంది. గుడ్డ మధ్యలో అప్పటికే తేనె రంగు దిగింది. పదుమ వచ్చి ఎదురుగా నిలబడింది.

"అక్కా, ఆ గుడ్డ వెనక్కి కావాలి."

తిస్స కుండ వంపడం ఆపింది. "పొద్దున దానం, మధ్యాహ్నం దండుకోవడమా?"

"అవ్వ చీవరానికి చాలలేదు."

"లెక్క వస్తే మిగులుతుందన్నావు?"

"రాలేదక్కా" అంది పదుమ.

తిస్స ఇంకో రెండు మాటలు సిద్ధం చేసుకునే ఉంది. పదుమ అలా అనేసరికి వాటికి చోటు దొరకలేదు. చేతులు తుడుచుకుని, కుండ మూతి తాడు విప్పి, గుడ్డ పిండి ఇచ్చింది.

"మచ్చపడింది చూడు. కనపడుతుంది."

"కనపడనీ."

"ఆ పాత పీలికే పట్రా, ఇక్కడ పడేసి వెళ్ళు" అని తిస్స విసుక్కుంది. తర్వాత, "వేడి బండ మీద పరుచు, తొందరగా ఆరుతుంది" అని కూడా అంది.

పదుమ ఈసారి గుడ్డలు రెండూ నేల మీద పక్కపక్కన పరిచింది. బద్ద పెట్టి కొలిచింది. అతుకు కోసం అర బెత్తె వదిలి బొగ్గుతో గీత గీసింది. గీత గీసి రోహని చూడమంది. రోహ చూసి తలూపింది. అప్పుడు అతికింది. అతికినదాన్ని పట్టీలుగా చింపి నలుగురికి పంచింది. తాను మాత్రం అతుకూ మచ్చా రెండూ ఉన్న పట్టీ తీసుకుంది. దాన్నే చీవరం పై అంచుకి కుట్టింది, చిన్న చిన్న కుట్లతో. మెడ దగ్గర గరుకు తగలకూడదని ఒకసారి విప్పి మళ్ళీ కుట్టింది.

ఎండ పడమటికి తిరిగేసరికి చీవరం రంగు కుండలో ఉంది. తిస్స కర్రతో తిప్పుతూ ఎవర్నీ దగ్గరికి రానివ్వలేదు. పిండి, నలుగురు నాలుగు మూలలూ పట్టుకుని విదిలించి, కొండ మీది నల్ల బండ మీద పరిచారు. నది మీంచి మంచి గాలి వీస్తోంది. మేఘం లేదు. అందరూ గట్టు మీద కూర్చుని ఆ గుడ్డ ఆరడం చూస్తూ ఉండిపోయారు. ఏడాదంతా ధ్యానంలో కూడా అంత నిశ్చలంగా కూర్చుని ఉండరు.

సూర్యుడు ఇంకా బారెడు పైన ఉండగానే రోహ చీవరం కొస ముట్టుకుని చూసింది. "ఆరింది" అంది.

సంఘం కూర్చుంది. అయిదు ఖండాలు లెక్కపెట్టారు, అంచు చూశారు. చెల్లుతుందన్నారు. పై అంచులో ఒక్కచోట రంగు ముదురుగా, చేతివెడల్పు మచ్చలా ఉంది. దాని గురించి ఎవరూ అడగలేదు. రెండుసార్లు రంగు పట్టిన ముక్క మరి, ముదురుగా ఉండక ఏం చేస్తుంది.

సామ పాతది మడిచి పక్కన పెట్టి కొత్తది కప్పుకుంది. భుజాలు అటూ ఇటూ కదిపి చూసింది.

"బరువుగా ఉందే" అంది.

"ఎక్కువగా ఉందా అవ్వా?" పదుమ కంగారుగా లేచింది.

"కూర్చో. బరువుగా ఉంటేనేగా వెచ్చగా ఉండేది. ఇన్నాళ్ళూ కన్నాలు కప్పుకుని ఆ సంగతే మర్చిపోయాను." అంచు పైకి లాక్కుని మెడ చుట్టూ సర్దుకుంది. మచ్చపడిన ముక్క సరిగ్గా గడ్డం కింద వచ్చింది. దాని మీద గడ్డం ఆనించి కళ్ళు మూసుకుంది.

అందరి మొహాలూ తెరిపిన పడ్డాయి. తిస్స కూడా నవ్వింది, ఎవరూ చూడటం లేదనుకుని.

మిగిలిన పని ఒక్కటే. కత్తిని సంఘానికి తిరిగి అప్పగించడం. పదుమ దాన్ని శుభ్రంగా తుడిచి రోహ ముందు పెట్టింది. మధ్యాహ్నమంతా ఆమె ఒక్క మాటే అనుకుంటూ కుట్టింది, ఇంక ఈ కత్తి జన్మలో ముట్టనని. ఆ మాట చెప్పడానికే నిలబడింది.

రోహ కత్తి తీసుకోలేదు. "వచ్చే ఏడు ఎవరు కోస్తారు?" అని అడిగింది.

పదుమ నోట్లో మాట సిద్ధంగా ఉంది. సామ కళ్ళు మూసుకునే, మెడ దగ్గర గుడ్డ నిమురుకుంటోంది.

"నేనే కోస్తానమ్మా" అంది పదుమ. "పక్కన ఎవరైనా కూర్చుంటే."

"నేను కూర్చుంటే మాట్లాడతాను మరి" అంది తిస్స. "ఊరికే కూర్చోవడం నా వల్ల కాదు."

"మాట్లాడక్కా."

రోహ కత్తిని వేలితో పదుమ వైపు జరిపింది.

ఆ తర్వాత పదుమ ఇరవై రెండేళ్ళు ఆ విహారంలో గుడ్డ కోసింది. ఒక్క ఏడు కూడా ఒంటరిగా కోయలేదు.